సుమారు

టికెట్టు తొమ్మిది వందల యాభై.
అందులోనే ఇడ్లీ, నీళ్ల సీసా,
మెడలో వేసుకోవడానికి ఒక పచ్చ తాడు,
మధ్యాహ్నం దేవనహళ్ళిలో భోజనం.
ఆదివారం పొద్దున ఆరున్నరకి
కోట ఢిల్లీ దర్వాజా ముందు
పదిహేడు మందిమి నిలబడ్డాం.

రోడ్డుకి అటువైపే మా ఆసుపత్రి.
ఇరవై రెండేళ్లుగా నా ఉద్యోగం అక్కడే,
రక్తపరీక్షల గదిలో.
ఇన్నేళ్లూ ఈ గోడ నాకు
బస్సు దిగాల్సిన గుర్తు, అంతే.

గైడు పేరు కీర్తిరాజ్. కుర్రాడు. గొంతు బాగుంది.
ప్రతి మాటకీ ముందు "ఊహించుకోండి" అంటాడు.
ఊహించుకోండి, ఇక్కడ కందకం, నిండా నీళ్లు.
ఊహించుకోండి, మార్చి నెల, వెన్నెల, రాత్రి పదకొండు.
మేం ఊహించుకుంటున్నాం.
కందకంలోంచి ఆటోలు హారన్ కొట్టుకుంటూ పోతున్నాయి.

చేమంతుల గంప దించుకుంటూ ఒకామె నవ్వింది,
"ఏమక్కా, ఈ గోడ చూసేకి దుడ్డిచ్చి వచ్చినారా?
నేను దినామూ ఊరికే చూస్తా ఉండాను కదా!"

గోడ పగిలిన చోటు చూపించాడు.
పగులు లేదు. పగిలిందని చెప్పే రాయి ఉంది.
దూసుకొచ్చిన వాళ్లు చెక్కించుకున్న రాయి.
గైడు ఫోను చూసి చదివాడు:
ఫలానా కెప్టెన్, ఫలానా లెఫ్టినెంట్,
ఏ పటాలం, ఎక్కడ గాయం, ఏ తేదీన పోయిందీ ప్రాణం.
"మరి లోపల ఉన్నవాళ్లు?" అన్నారు బోపయ్యగారు,
మాలో పెద్దాయన, రిటైరైన సుబేదారు.
"కిల్లేదారు పోయాడు సార్.
మిగతావాళ్లు సుమారు వెయ్యి.
ఇంకా ఎక్కువేనంటారు కొందరు."
గొడుగు పైకెత్తాడు, ఇక నడవమని.

సుమారు.
మా గదిలో ఆ మాట చెల్లదు.
వేలెడంత గాజుగొట్టానికి కూడా
పేరు, వయసు, వార్డు, మంచం నంబరు.
చీటీ ఊడిపోయి వస్తే
పారబొయ్యాలని రూలు.
పారబోసే ముందు ఒకసారి వెలుతురుకెత్తి చూస్తాను.
అది రూల్లో లేదు.

బస్సు హెబ్బాళ దాటాక మైకు పట్టుకున్నాడు కీర్తిరాజ్.
"బయటినుంచి నిచ్చెనలెక్కిన వాళ్లూ అందరూ దొరలు కారు.
సిపాయిల్ని తిలంగాలు అనేవాళ్లు అప్పట్లో.
అంటే మీవాళ్లే మేడమ్!"
బస్సంతా తిరిగి నన్ను చూసింది,
ఆ నిచ్చెన నేనే మోసినట్టు.
అందరూ నవ్వారు. నేనూ నవ్వాను, కాస్త ఆలస్యంగా.

ఏ ఊరి వాడో ఆ మోసినవాడు.
జీతమెంతో, ఇంటి దగ్గర బాకీ ఎంతో.
పైన కావలివాడు కోలారు పక్కవాడైతే గనక
కింది నుంచి వచ్చిన తిట్టు
తర్జుమా లేకుండానే తగిలి ఉంటుంది.

నందికొండ మీద గాలి, పొగమంచు,
కారం పూసిన మొక్కజొన్న కంకులు.
ఫిరంగులు లాక్కొచ్చిన వాలు మీద
ఒక పిల్లాడు ప్లాస్టిక్ కత్తితో
వాళ్ల నాన్నని మూడుసార్లు చంపాడు.

బోపయ్యగారు బస్సు దిగలేదు. మోకాళ్లు అన్నారు.
నేను టీ పట్టుకెళ్తే
కిటికీలోంచి చూస్తూ అన్నారు:
"మేం కొట్లాడిన చోటికి కూడా
ఇప్పుడు బస్సులేశారంట.
టికెట్టెంతో తెలీదు."
టీ చల్లారేదాకా పట్టుకునే ఉన్నారు.

ఆగిన ప్రతి చోటా తలలు లెక్కపెట్టాడు కీర్తిరాజ్.
ఒకసారి పదహారే వచ్చాయి.
ముఖం పాలిపోయింది కుర్రాడికి.
పేరుపేరునా పిలిచాడు, మళ్లీ లెక్కపెట్టాడు.
వెనక సీట్లో ఒరిగి నిద్రపోతున్న అమ్మాయి దొరికాకే
బస్సు కదిలింది.

రాత్రి డ్యూటీ తొమ్మిదికి.
పచ్చ తాడు మెడలోనే ఉందని
కోటు వేసుకుంటుంటే గాని తెలియలేదు.
మొదటి గొట్టం క్యాజువాలిటీ నుంచి వచ్చింది.
మార్కెట్ ఫ్లైఓవర్ మీద పడి ఉన్నాడట.
చీటీ మీద నర్సు తొందర రాత:
పేరు తెలియదు. మగ.
వయసు సుమారు నలభై.

గంట, నిమిషం రాసుకున్నాను: తొమ్మిదీ పన్నెండు.
వెలుతురుకెత్తాను.
గాజు ఇంకా వెచ్చగానే ఉంది.